బస్‌స్టాప్ దగ్గరి మనిషి

లోటార్ వీగాంట్ ముఖానికి నేను మొదటిసారి రంగు వేసింది ఒక ఆసుపత్రి సీరియల్ కోసం. అందులో అతనిది అంబులెన్స్ డ్రైవర్ వేషం. స్ట్రెచర్ దించాలి, "దారివ్వండి" అనాలి, వెళ్లిపోవాలి. ఏడాది పొడుగునా అదే. తర్వాత కథలోకి ఇంకో డ్రైవర్ వచ్చాడు. పాతవాడు ఏమయ్యాడని చూసేవాళ్లెవరూ అడగలేదు.

అప్పటికి అతనికి ముప్ఫై దాటాయి. ఒక చిన్న ఊరి నాటకశాలలో కొన్నేళ్లు పనిచేసి, టీవీ పనులన్నీ ఇక్కడే దొరుకుతాయని కొలోన్ వచ్చాడు. ఆ నాటకశాలలో క్రిస్మస్‌కి పిల్లల నాటకంలో ఎలుగుబంటి వేసేవాడట, మిగతా ఏడాదంతా కాపలావాడు, వార్త మోసుకొచ్చేవాడు, రెండో సైనికుడు. ఆ సంగతి దాచుకునేవాడు కాదు, గొప్పగా చెప్పుకునేవాడూ కాదు. నేను మేకప్ పనిలో ఎన్నో ముఖాలు చూశాను. అతనిది ఎక్కడో చూసినట్టుండే ముఖం. ఎక్కడ చూశామో మాత్రం ఎంత ఆలోచించినా తట్టదు. వేషాలు పంచేవాళ్లకి అలాంటి ముఖాలంటే ఇష్టం. చిన్న చిన్న పనులకి ముందు వాళ్లనే పిలుస్తారు.

తొంభై నాలుగులో, వసంతం మొదట్లో, అతనికి ఆ పని వచ్చింది.

తేలని నేరాల గురించి టీవీలో నెలకోసారి ఒక కార్యక్రమం వచ్చేది. జరిగినదాన్ని నటుల చేత మళ్లీ ఆడించి చూపించేవారు. చివర ఫోన్ నంబరు వేసి, ఏమైనా తెలిస్తే చెప్పమనేవారు. ఆ నెల కేసు బ్రిట్టా ఓల్ట్‌మన్ అనే అమ్మాయిది. ఉత్తరాన, సముద్రానికి కొంచెం ఇవతల, హోల్టర్‌ఫేన్ అనే ఊరు వాళ్లది. పంతొమ్మిదేళ్ల పిల్ల, నర్సు శిక్షణలో ఉంది. అంతకు ముందటి అక్టోబరులో ఒక సాయంత్రం పని ముగించుకుని బస్సు కోసం నిలబడింది. ఇంటికి రాలేదు. కొన్నాళ్లకి కాలువలో దొరికింది. సైకిల్ మీద పోతున్న ఒక పెద్దాయన చెప్పిందొక్కటే ఆధారం. బస్‌స్టాప్‌కి ఎదురుగా లేతరంగు కారు ఆగి ఉందట, ఆకుపచ్చ జాకెట్ వేసుకున్న మనిషి ఒకడు దానికి ఆనుకుని ఆ పిల్ల వైపే చూస్తున్నాడట.

ఆ మనిషి వేషం లోటార్‌ది.

పెద్దాయన చెప్పిన ఆనవాళ్లతో పోలీసులు గీయించిన బొమ్మను నా అద్దం పక్కన అంటించుకున్నాను. దాన్ని చూస్తూ లోటార్ కనుబొమలు పలచన చేశాను. దవడ బరువుగా కనిపించేలా కింద నీడ వేశాను. మాటలేమీ లేవు. కారుకి ఆనుకోవాలి, బస్‌స్టాప్ వైపు చూడాలి, సిగరెట్ పారేసి రోడ్డు దాటాలి. అక్కడితో ఆపేస్తారు, మిగతాది చూపించరు. ఆ రోజు వాన. చిత్రీకరణ మధ్యాహ్నానికల్లా అయిపోయింది. బ్రిట్టాగా వేసిన అమ్మాయీ అతనూ వ్యానులో పక్కపక్కన కూర్చుని బఠాణీ సూప్ తాగుతూ, ఇద్దరికీ తెలిసిన ఒక దర్శకుడి పిసినారితనం గురించి చెప్పుకుని నవ్వుకున్నారు.

ప్రసారమైన సాయంత్రం ఫోన్లు విపరీతంగా వచ్చాయి. వాటిలో చాలా ఫోన్లు ఒకే మనిషి గురించి. కొలోన్‌లో, నిప్పెస్ పేటలో ఉంటాడు, పొద్దున్నే రొట్టెలు కొనుక్కోవడానికి వస్తాడు, వాడే వీడు. మర్నాడు ఇద్దరు పోలీసులు లోటార్ తలుపు కొట్టారు. అతను గుర్తింపు కార్డు చూపించి, వాళ్లకి కాఫీ పెట్టి ఇచ్చాడు. పోలీసులు కూడా నవ్వేశారట. అతని భార్య కోర్నేలియా బడిలో టీచరు, సరదా మనిషి. నలుగురు చేరినచోటల్లా ఆ ముచ్చట ఆడి చూపించేది. పోలీసుగా ఒకసారి, లోటార్‌గా ఒకసారి. మేమూ నవ్వేవాళ్లం.

ఆ నవ్వులు ఎక్కువ కాలం నిలవలేదు. హంతకుడు దొరకలేదు కాబట్టి ఆ దృశ్యాన్ని ఏటా మళ్లీ వేసేవారు. పత్రికలవాళ్లు అందులోంచి ఒక బొమ్మ తీసి వేసుకునేవారు, తడి జాకెట్‌లో కారుకి ఆనుకున్న లోటార్. కింద చిన్న అక్షరాల్లో 'నటించిన దృశ్యం' అని ఉండేది. ఆ అక్షరాలు ఎవరు చదువుతారు? ట్రాములో ఎదురుగా కూర్చున్నవాళ్లు లేచి వేరే సీటుకి పోయేవారు. ఎందుకు లేచారో వాళ్లకే తెలియదు. ఈత కొలనులో ఒక తల్లి తన పిల్లల్ని నీళ్లలోంచి పైకి పిలిచేసింది. ఇవన్నీ లోటార్ నాకు మేకప్ కుర్చీలో కూర్చుని చెప్పాడు. కళ్లు మూసుకుని, వాతావరణం గురించి చెప్పినట్టు చెప్పాడు.

వేషాలు మారిపోయాయి. మొదట అన్నీ నేరస్థుడి వేషాలే వచ్చాయి, తర్వాత అవీ తగ్గాయి. "ఆయన్ని చూడగానే ఆ అమ్మాయి గుర్తొస్తుంది" అని ఒక నిర్మాత నా ఎదుటే అన్నాడు. దాంతో అతను చరిత్ర డాక్యుమెంటరీల్లోకి జారాడు. వాటికి మాటలు అక్కర్లేదు. ఎవరో పెద్ద గొంతున్నాయన పైనుంచి కథ చెబుతుంటాడు, కింద మేము ఆడించిన బొమ్మలు కదులుతుంటాయి. లోటార్ ప్లేగు వచ్చి చచ్చిపోయాడు, మఠంలో పుస్తకాలు నకలు రాశాడు, రష్యా మంచులో నడిచాడు, రాజుగారి వెనక నిలబడ్డాడు. పెదాలు కదిపేవాడు, గొంతు వినిపించేది కాదు. ఆ ఖాళీలో ఏం మాట్లాడతావని నేనొకసారి అడిగాను. ఫ్రిజ్‌లో ఏమున్నాయో గుర్తు చేసుకుని వరసగా చెబుతానన్నాడు.

కోర్నేలియా వెళ్లిపోయింది మాత్రం ఆ వేషం వల్ల కాదు. లోకం అలాగే అనుకుంది. ఆమె నాతో వేరేమాట చెప్పింది. అరిచినా సరే, ఏడ్చినా సరే, ఏదో ఒకటి చేస్తే తనకి ఊపిరాడేదట. అతను సోఫాలో కూర్చుని ఆమె చెప్పిందంతా విని, సరే అన్నాడట. సామాన్లు దింపడానికి సాయం కూడా చేశాడు. పుస్తకాల పెట్టెలు బరువుగా ఉంటాయని మూడో అంతస్తు నుంచి తనే మోశాడు.

ఆ తర్వాత ఆదివారాలు మా ఇంటికి భోజనానికి రావడం అలవాటైంది. నేనూ ఒంటరిదాన్నే. మా మధ్య ఇంకేం లేదు. వచ్చేవాడు, వంటింట్లో కిటికీకి వీపు పెట్టి కూర్చునేవాడు, బంగాళాదుంపల తొక్కు తీసేవాడు. మాట్లాడితే మాట్లాడేవాడు, లేకపోతే లేదు. "నీకేమీ అనిపించదా, లోటార్?" అని ఒకటి రెండుసార్లు అడిగాను. "అనిపించేది. ఎప్పుడు ఆగిందో చూసుకోలేదు" అన్నాడు.

దాదాపు ఇరవై ఏళ్లు అలా గడిచాయి.

ఒక శరత్కాలంలో కేసు తేలింది. బ్రిట్టా కోటు మీద దొరికిన మరకను కొత్త పద్ధతిలో పరీక్షిస్తే మనిషి బయటపడ్డాడు. ఇళ్ల పైకప్పులకు పెంకులు వేసేవాడట. ఎప్పుడో కాలేయం చెడిపోయి చనిపోయాడు, ఎక్కడో దక్షిణాన పాతిపెట్టారు. పత్రికలో అతని ఫొటో వేశారు. ఉబ్బిన బుగ్గలు, పసుపు జుట్టు, ఎవరిదో పుట్టినరోజున కేకు ముందు నవ్వుతున్నాడు. నేను చేసిన ముఖానికీ దానికీ ఎక్కడా పోలిక లేదు. ఆ ఆదివారం లోటార్ మా వంటింట్లో ఆ పేజీ ముందు చాలాసేపు కూర్చున్నాడు.

"నాకంటే పొట్టివాడు," అన్నాడు చివరికి. ఆ పేజీ మడిచి దాని మీద తొక్కలు వేశాడు.

మరుసటి ఏడాది ఆ కేసు మీద పెద్ద డాక్యుమెంటరీ తలపెట్టారు. దర్శకురాలు స్వెన్యా అనే అమ్మాయి. చురుకైంది, మర్యాదస్థురాలు. పాత కార్యక్రమం వచ్చినప్పుడు బడికి కూడా వెళ్లని వయసు తనది. అందులో బ్రిట్టా తండ్రి హాయో ఓల్ట్‌మన్ వేషానికి లోటార్‌ని పిలిచారు. హాయో అప్పటికి పోయి కొన్నేళ్లయింది. కూతురు మాయమైన రోజుల్లో ఆయనకి ఎంత వయసుందో ఇప్పుడు లోటార్‌కి ఇంచుమించు అంత ఉంది. ఒక్క దృశ్యం, వంటింట్లో ఫోన్ కోసం ఎదురుచూడటం. మాటలు లేవు.

తను ఇదివరకు ఎవరి వేషం వేశాడో లోటార్ నటులను ఎంపిక చేసే ఆఫీసుకి ముందే చెప్పాడు. నా ఎదుటే ఫోన్ చేశాడు. అవతల ఆమె, అంత పాతది ఎవరికి గుర్తుంటుందని కొట్టిపారేసి, ఆ మాట ఇంకెవరికీ చేరవేయలేదు.

"వద్దనొచ్చుగా," అన్నాను.

"అనొచ్చు. అని ఏం చెయ్యను, రోజ్‌వితా? ఇంట్లో కూర్చోవాలి. అక్కడైనా కూర్చోవడమే."

మేకప్ నాదే. అంచేత ఇద్దరం ఒకే వ్యానులో హోల్టర్‌ఫేన్ వెళ్లాం. ఊరు పొడుగునా కాలువ, దానికి రెండు వైపులా ఎర్ర ఇటుక ఇళ్లు, ఇంటి ముందు ఎత్తే వంతెనలు. ఓల్ట్‌మన్‌ల ఇల్లు చివర్లో ఉంది. అక్కడ ఇప్పుడు బ్రిట్టా చెల్లెలు మారెన్ ఒక్కతే ఉంటోంది. అక్క పోయేనాటికి పదిహేనేళ్ల పిల్ల, ఇప్పుడు పక్క ఊళ్లో మందుల దుకాణం నడుపుతోంది. అసలు వంటింట్లోనే చిత్రీకరించుకోమని ఒప్పుకుంది తనే. తను మాత్రం చూడనని షరతు పెట్టింది. మేం వెళ్లేసరికి అందరికీ టీ పెట్టి, కలకండ గిన్నె, మీగడ గిన్నె బల్ల మీద సర్ది తోటలోకి వెళ్లిపోయింది. లోటార్ అప్పుడు బయట వ్యాను దగ్గరే ఉన్నాడు.

నాకు మేకప్‌కి పైన పడకగది ఇచ్చారు. లోటార్‌ని అద్దం ముందు కూర్చోబెట్టి జుట్టుకి నెరుపు వేస్తున్నాను. హాయో ఫొటోలో కనుబొమలు గుబురుగా ఉన్నాయి, వాటి కోసం పొడి వెంట్రుకలు అంటించాలి. ఒక వైపు పూర్తయింది, రెండోది ఇంకా ఉంది. అప్పుడు తలుపు తట్టి మారెన్ లోపలికొచ్చింది. చేతిలో పాత ఊలు స్వెట్టరు, మోచేతుల దగ్గర తోలు అతుకులు వేసింది.

"ఇది నాన్నది. మీ దగ్గరున్నదానికంటే ఇదే బావుంటుందేమోనని..." అంటూ అద్దంలోకి చూసింది.

వాక్యం పూర్తి చెయ్యలేదు. నేను చెయ్యి ఆపాను. లోటార్ అద్దంలోంచి ఆమెను చూశాడు, కదల్లేదు.

"మీరే కదా," అంది మారెన్.

"అవునండీ, నేనే," అన్నాడు లోటార్.

ఆమె స్వెట్టరును మంచం మీద మడతపెట్టి పెట్టింది. చేతులు సరిచేస్తూ నెమ్మదిగా, దుకాణంలో సరుకు సర్దినట్టు పెట్టింది. తర్వాత మెట్లు దిగి వెళ్లిపోయింది.

కింద అంతా కంగారైపోయింది. విషయం విన్న స్వెన్యా ముఖంలో రంగు పోయింది. ఆఫీసుకి ఫోన్ చేసింది, నాతో మాట్లాడింది, లోటార్ ముందుకొచ్చి క్షమించమంది. అతన్ని స్టేషనుకి పంపించి, ఆ స్వెట్టరు దీపాలు పట్టే కుర్రాడికి తొడిగి, ముఖం పడకుండా వెనకనుంచి తీసుకుంటానంది. లోటార్ సరే అన్నాడు. పైకెళ్లి అంటించిన కనుబొమ పీక్కున్నాడు. ముఖం కడుక్కుని కోటు వేసుకుని వ్యాను వైపు నడిచాడు. నేను అతని సంచి పట్టుకుని వెంట వెళ్లాను.

మారెన్ కాలువ గట్టు మీద బెంచీ మీద కూర్చుని ఉంది. వ్యాను దగ్గరికి వెళ్లాలంటే ఆమె ముందునుంచే పోవాలి. లోటార్ తలవంచుకుని పోబోయాడు.

"కూర్చోండి, వీగాంట్ గారూ," అంది.

అతని పేరు ఆమెకు తెలిసి ఉండటం నాకు ఆశ్చర్యమనిపించింది. లోటార్ బెంచీకి అవతలి చివర కూర్చున్నాడు. నన్ను ఎవరూ పొమ్మనలేదు, ఉండమనలేదు. నేను సంచి పట్టుకుని వంతెన కటకటాల దగ్గర నిలబడ్డాను.

ఆమె కాలువ వంక చూస్తూ చెప్పింది. ఆ కార్యక్రమాన్ని తండ్రి వీడియో టేపులో ఎక్కించుకున్నాడట. ఏళ్ల తరబడి చూశాడు. కారుకి ఆనుకున్న మనిషి దగ్గర ఆపేసి, భోజనానికి పిలిచేదాకా చూస్తూ కూర్చునేవాడట. అతను నటుడు, కొలోన్‌లో ఉంటాడు, పాపం అతనికేం తెలుసు అని తల్లి చెబితే, నాకు తెలుసు, ఎవడో ఒకడు కావాలిగా అనేవాడట. నటుల పేర్లు వేసేచోట ఆయనే పేరు వెతికి పట్టుకున్నాడు. ఇంట్లో అందరికీ ఆ పేరు అలా అలవాటైంది.

"నేనూ అంతే," అంది మారెన్. "మిమ్మల్ని ఎన్నిసార్లు చంపానో. స్నానం చేస్తూ, కారు నడుపుతూ. కోర్టులో నిలబెట్టి తిట్టేదాన్ని. మీరు జవాబు చెప్పేవారు కాదు."

లోటార్ కనుబొమ దగ్గర మిగిలిన జిగురును వేలితో గీక్కున్నాడు.

"పోయినేడాది పోలీసులొచ్చి వాడి ఫొటో చూపించారు. ఆ కేకు ముందు ఫొటో. ఏదో ఒకటి పొంగుకొస్తుందని కూర్చున్నాను. ఏమీ రాలేదు. మా ఇంటికి పైపులు బాగుచెయ్యడానికొచ్చే మనిషిలా ఉన్నాడు. వాళ్లకి కాఫీ ఇచ్చి పంపించేసి, బట్టలు ఇస్త్రీ చేసుకున్నాను. వాడి మీద పెట్టడానికి నా దగ్గరేమీ మిగల్లేదు. అంతా మీ మీదే అయిపోయింది."

"అవును," అన్నాడు లోటార్.

"అవును అంటారేంటి?"

"ఇంకేమనాలో నాకు తెలీదండీ."

ఒక బాతు ఈదుకుంటూ వంతెన కిందకి పోయింది. ఆమె మొదటిసారి తల తిప్పి అతని ముఖంలోకి సూటిగా చూసింది. సబ్బుతో రుద్దుకున్నచోట ఎర్రగా ఉంది, జుట్టులో నేను వేసిన నెరుపు సగం అలాగే ఉంది.

"ఒక్కటి అడుగుతాను. ఆ కార్యక్రమంలో మీరు బస్‌స్టాప్ వైపు చూస్తారు కదా, మా అక్క వైపు. అప్పుడు ఏమనుకున్నారు? నాన్న ఎప్పుడూ అనేవాడు, ఆ కళ్లలో ఏదో ఉందని."

ఏదో ఒక మంచి మాట కల్పించి చెబుతాడేమో, నటుడు కదా అనుకున్నాను. లోటార్ కాసేపు ఆలోచించాడు. నిజంగానే గుర్తు తెచ్చుకుంటున్నాడని నాకు అర్థమైంది.

"నా బూట్లలోకి నీళ్లు పోయాయండీ," అన్నాడు. "బస్‌స్టాప్ వెనక మా సూప్ వ్యాను ఆగి ఉంది. కిటికీ తెరిచారా లేదా అని చూస్తున్నాను."

మారెన్ ముక్కులోంచి చిన్నగా గాలి వదిలింది. నవ్వో, ఇంకేదో. "సూప్," అంది. "మా నాన్న ఆరేళ్లపాటు చూశాడు దాన్ని." అని మోకాళ్ల మీద చేతులు ఆనించి లేచి నిలబడింది.

"మీ మీద కోపం పోయిందనుకోకండి. పోలేదు. పోగొట్టుకోవడానికి మిమ్మల్ని కూర్చోమనలేదు."

"అర్థమైంది."

"ఇప్పుడు నాన్న కుర్చీలో ఎవర్ని కూర్చోబెడతారట?"

దీపాలు పట్టే కుర్రాణ్ణని నేను చెప్పాను. అతన్ని ఆమె పొద్దున చూసింది. ఒళ్లో చేతులు పెట్టుకుని ఒక్క నిమిషం కూడా కుదురుగా కూర్చోలేడు. కాదని తలూపింది. తన చేతుల వంక కాసేపు చూసుకుంది. తర్వాత లోటార్‌తో, మీరు లోపలికి రండి, ఆయన ఎలా కూర్చునేవారో చూపిస్తాను అంది. దయగా అనలేదు. పని చెప్పినట్టు చెప్పింది.

స్వెన్యా వద్దంది, ఆలోచించుకోండంది, మళ్లీ మళ్లీ అడిగింది. మారెన్ విసుక్కుంది. ఇల్లు నాది, ఆయన నా తండ్రి అంది. నేను మళ్లీ కనుబొమలు అంటించాను. లోటార్ ఆ స్వెట్టరు తొడుక్కున్నాడు. భుజాల దగ్గర కొంచెం బిగుతైంది.

స్వెన్యా వేసుకున్న ప్రణాళిక ప్రకారం తండ్రి ఫోన్ ముందు కూర్చుని దానివంకే చూస్తూ ఉండాలి, కళ్లలో నీళ్లు తిరగాలి. మారెన్ అదంతా తీసేయించింది. నాన్న ఎప్పుడూ ఫోన్ వైపు చూడలేదట. ఆయన కుర్చీ అటు తిప్పి, ఫోన్‌కి వీపు పెట్టి కూర్చునేవాడు. చూస్తూ ఉంటే మోగదని నమ్మకమేమో, ఎవరూ అడగలేదు. చేతులు ఒళ్లో పెట్టుకుని, అరచేతులు పైకి, వేళ్లు సగం ముడిచి ఉంచేవాడు. ఆమె తనే కూర్చుని చూపించింది. తర్వాత లేచి, లోటార్ చెయ్యి పట్టుకోకుండా, వేలితో గాలిలో చూపిస్తూ అతని వేళ్లు సరిచేయించింది. ఇంకొంచెం. ఇంకొంచెం ముడవండి. అదీ.

చూడనన్న మనిషి గుమ్మంలోనే నిలబడింది. కెమెరా తిరిగింది. లోటార్ కూర్చున్నాడు. ఏడవలేదు, నిట్టూర్చలేదు, కనురెప్పలు కూడా మామూలుగానే కొట్టాడు. స్వెన్యా ఆపడం మరిచిపోయింది. ఆపాక, ఇలాంటి నటన నేనెప్పుడూ చూడలేదు అంది ఆ పిల్ల, కళ్లు తుడుచుకుంటూ. ప్రతి ఆదివారం మా ఇంట్లో అతను కూర్చునేది అలాగే.

మారెన్ మెచ్చుకోలేదు. స్వెట్టరు వెనక్కి ఇమ్మంది. అతను విప్పి ఇచ్చాడు. ఆమె దాన్ని వాసన చూసి చంకన పెట్టుకుంది. తర్వాత మా ఇద్దరికీ టీ పోసింది. మూడు కప్పులు తాగేదాకా అక్కడ లేవనివ్వరు, తాగాం. వేడి టీ పోసినప్పుడు కప్పులో కలకండ చిటపటలాడటం తప్ప చప్పుడు లేదు. లేచేటప్పుడు లోటార్ చెయ్యి చాపలేదు, తనూ చాపలేదు.

"ఇంకెప్పుడూ రాకండి," అంది. గొంతు మెత్తగానే ఉంది.

"రానండీ," అన్నాడు.

తిరుగు ప్రయాణం రైల్లో. బ్రేమెన్‌లో మారాల్సిన బండి ఆలస్యమైంది. ప్లాట్‌ఫారం మీద చేప పెట్టిన రొట్టెలు కొనుక్కుని తిన్నాం. చాలాసేపటికి లోటార్ అన్నాడు, నాకిప్పుడు ఏదో ఒకటి అనిపించాలి కదా అని. రేపు అనిపిస్తుందేమో అన్నాను. కావచ్చు అని రొట్టె కాగితం ఉండచుట్టి, చెత్తబుట్ట కోసం వెతుక్కుంటూ వెళ్లాడు. చాలా దూరం వెళ్లాడు. బండి వస్తుండగా తిరిగొచ్చాడు. ముఖం మామూలుగానే ఉంది.

డాక్యుమెంటరీ వసంతంలో ప్రసారమైంది. మా ఇంట్లో చూశాం. సాసేజీలు, బంగాళాదుంపల సలాడ్ చేశాను. మారెన్ తెర మీద చాలాసేపు మాట్లాడింది. నెమ్మదిగా, తడబడకుండా, మందు ఎలా వేసుకోవాలో చెప్పినట్టు చెప్పింది. లోటార్ గురించి ఒక్క మాట లేదు. పెంకులవాడి కేకు ఫొటో వచ్చింది. పాత కార్యక్రమంలోని ముక్క మాత్రం రాలేదు. దాన్ని వాడొద్దని ఆమె స్వెన్యాను కోరిందని తర్వాత తెలిసింది. ఎవరి కోసం కోరిందో స్వెన్యాకీ తెలియదు, నేనూ అడగలేదు.

చివరి భాగంలో వంటిల్లు వచ్చింది. స్వెట్టరు, వీపు వెనక ఫోను, ఒళ్లో సగం ముడిచిన వేళ్లు. మెడ నుంచి పైకి ఒక్క క్షణమే కనిపించింది. దాని మీద పెద్ద గొంతు వినిపించింది, తండ్రి హాయో ఓల్ట్‌మన్ నిజం తెలియకుండానే కన్నుమూశాడని. అంతే, కాలువ మీదకి వెళ్లిపోయింది కెమెరా.

లోటార్ ఆవాల ముద్ద అందుకుని పళ్లెంలో వేసుకున్నాడు. కొంచెమే వేసుకోవాల్సింది, చాలా వేసుకున్నాడు. దానివంక చూస్తూ ఉండిపోయాడు.

"ఆయనకీ నాలాగే ఉండేదంటావా?" అన్నాడు.

"ఎవరికి?"

"హాయోకి. ఫోన్‌కి వీపు పెట్టి కూర్చున్నప్పుడు."

నాకు తెలియదన్నాను. అతను తలూపాడు. తెర మీద పేర్లు వెళ్తున్నాయి. తండ్రి, లోటార్ వీగాంట్ అని వచ్చింది, పోయింది. తర్వాత వాతావరణం. ఉత్తరాన గాలులు, ఇక్కడ రేపంతా మబ్బు. సలాడ్ ఇంకా ఉందా అని అడిగాడు. ఉందన్నాను. లేచి తనే గిన్నె తెచ్చుకుని, నాకూ కొంచెం వడ్డించాడు.